‘పోనియ్’ అనుకుంటనే పోగొట్టుకున్నం

రాజ్యం యుద్ధంల పోతది. భూమి కాగితం మీద పోతది. మనిషి మాత్రం అట్ల ఒక్కపారి పోడు. రోజుకింత, మాటకింత పోతడు. పోతున్న సంగతి తనకే తెల్వదు. తెలిసినా "పోనియ్, గింత దానికి లొల్లెందుకు" అనుకుంటడు. లొల్లి వద్దనుకున్న కాడ్నే అసలు నష్టం మొదలైతది. తెలంగాణకు జరిగిన అన్యాయాల మీద మనోళ్లు నీళ్ల లెక్క రాసిన్రు, నిధుల లెక్క రాసిన్రు, నియామకాల లెక్క రాసిన్రు. ‘పోనియ్’ అని మనంతట మనం ఇడిసిపెట్టుకున్న వాటి లెక్క మాత్రం ఎవ్వరూ రాయలే. ఎందుకంటే అది రాసేటప్పుడు వేలు మన దిక్కే తిరుగుతది.

2014 జూన్ 2న రాష్ట్రం వచ్చింది. ఊరికే రాలే. 1952ల ముల్కీ హక్కు అడిగిన పిల్లల మీద సిటీ కాలేజీ కాడ తూటాలు పేలినయి. 1969ల 369 మంది అమరులైన్రని ఉద్యమం ఇప్పటికీ యాది చేసుకుంటది. 2009 తర్వాత కడుపుకోత పడ్డ తల్లుల దుఃఖం ఇంకా ఆరలే. ఇంత జేసి ఆ రాష్ట్రం ఎందుకడిగినం? ఒక సచివాలయం కోసమా? నలుగురు మంత్రుల కోసమా? మనం మనలెక్క బతికేటందుకు అడిగినం. ఆత్మగౌరవం అన్న మాటకు అర్థం అంతకన్న ఎక్కువా లేదు, తక్కువా లేదు. మరి అడగాలె గదా: రాష్ట్రం వచ్చింది, మనం వచ్చినమా?

బడిల మొదలైన బేరం

ఐదేండ్ల పిల్లగాడు. పొద్దుగాల లేచి అవ్వెంబడి కొట్టంలకు పోతడు, బర్రె పాలు పిండుడు చూస్తడు. తయారై బడికి పోతడు. పుస్తకంల బొమ్మ బర్రెది, కింద రాసిన పేరు ‘గేదె’. "బర్రె" అంటే తప్పు. "గేదె" అంటే శభాష్. పొద్దున్నే ముట్టి, కడిగి, గడ్డేసి వచ్చిన జంతువు పేరు వానికే తెల్వదని బడి వానికి మొదటి పాఠం చెప్తది. వాడు ఎదురు చెప్పడు. ఐదేండ్లోడు ఏం చెప్తడు? తల ఊపుతడు. అదే మొదటి ‘పోనియ్’.

అక్కడి నుంచి వరుస. అంగి చొక్కా అయితది. ఉల్లిగడ్డ ఉల్లిపాయ అయితది. ఆలుగడ్డ బంగాళాదుంప అయితది. పుంటికూర గోంగూర అయితది. తొవ్వ దారి అయితది. యాది జ్ఞాపకం అయితది. "ఇంట్ల" అంటే "ఇంట్లో" అని దిద్దుతరు. "మంచిగున్నది" అంటే "బాగుంది అనాలి" అంటరు. ఒక్కొక్కటి ఇడిగ చూస్తే నష్టమేమీ కనవడదు. గోంగూర అన్నంత మాత్రాన ఎవ్వడూ ఉపాసం చావలే. కాని ఒక్క సంగతి చూడున్రి. గుంటూరు పిల్లగానికి ఎవరన్న ‘పుంటికూర’ నేర్పిన్రా? కృష్ణా జిల్లా బడిల ‘బర్రె’ అని రాస్తే మార్కులు పడ్డయా? నేర్చుకునుడు ఒక్క దిక్కు నుంచే జరిగింది. దిద్దుడు ఒక్కల్నే దిద్దిన్రు. దీన్ని నేర్చుకునుడు అనరు, లొంగదీసుకునుడు అంటరు.

ఆ పిల్లగాడు పెద్దగై పట్నమొస్తడు. ఇంటర్వ్యూల కూసుంటడు. "మీ నాన్నగారు ఏం చేస్తుంటారండీ?" అని అడుగుతరు. ‘మా నాయిన ఎవుసం చేస్తడు’ అన్న మాట నాలిక చివర దాకా వచ్చి ఆగుతది. "మా నాన్నగారు వ్యవసాయం చేస్తారండీ" అంటడు. నాయిన మాయమైండు, నాన్నగారు వచ్చిండు. ఎవుసం మాయమైంది, వ్యవసాయం వచ్చింది. నౌకరి వస్తది గదా, పోనియ్!

తెలంగాణోళ్లకు మర్యాద తెల్వదని ఒక నింద ఉండేది. ‘అండీ’ అనరట, తల్లిదండ్రులను ‘నువ్వు’ అంటరట. మన తాన బిడ్డ అవ్వను ‘నువ్వు’ అంటది నిజమే. అది దగ్గరితనం. "పెద్దనాయిన వచ్చిన్రు, కూసున్నరు, తిన్నరు" అంటే అందుల మర్యాద లేదా? ఒకరి మర్యాదను ఇంకొకరి మర్యాద కొలతతోని కొలిచి తక్కువ తూగిందన్నరు. మనం ఆ తరాజును అనుమానించలే. మన మర్యాదనే అనుమానించుకున్నం.

నౌకరి వచ్చినంక మనిషికి రెండు నాలికలైతయి. ఆఫీసుల ఒకటి, ఇంట్ల ఒకటి. ఊరి నుంచి అవ్వ ఫోన్ చేస్తే కుర్చీల నుంచి లేచి వరండాలకు పోతడు. గొంతు తగ్గించి, మూలకు తిరిగి మాట్లాడుతడు. లంచం తీసుకునేటోడు గూడ అంత భయపడడు. తన అవ్వతోని తన మాట మాట్లాడుడు ఏం నేరం? పదేండ్లకు ఇంట్ల నాలిక గూడ ఎండుతది. పిల్లలతోని ఆ మాట మాట్లాడడు, దోస్తులు నవ్వుతరని. ఆ పిల్లలు దసరకు ఊరికి పోతే నాయినమ్మ చెప్పేది సగమే తెలుస్తది. ముసలామె "వాళ్లు పట్నం పిల్లలు, పోనియ్" అంటది. మూడు తరాల ‘పోనియ్’ అక్కడ పూర్తయితది.

సిగ్గు ఎవరు నేర్పిన్రు?

ఈ సిగ్గు పుట్టుకతోని రాలే. నేర్పిన్రు. ఉర్దూ మాటలు కలిసినయని మన తెలుగును ‘తౌరక్యాంధ్రం’ అని ఎక్కిరించిన్రు. వాళ్ల తెలుగుల ఇంగ్లీషు మాటలు కలిస్తే చదువు, మన తెలుగుల ఉర్దూ మాటలు కలిస్తే మైల! దవాఖాన అంటే మోటు, హాస్పిటల్ అంటే నాజూకు. రెండూ పరాయి మాటలే గదా అని అడిగినోడు లేడు. రెండు మూడు జిల్లాలల్ల, అందులనూ చదువుకున్న కొన్ని ఇండ్లల్ల మాట్లాడే తీరును పుస్తకం ఎత్తుకున్నది, రేడియో ఎత్తుకున్నది, పత్రిక ఎత్తుకున్నది. అది ‘భాష’ అయింది. మిగిలినోళ్లది ‘యాస’ అయింది. మనం గూడ "మా యాస" అని మురిసినం. యాస అని ఒప్పుకున్ననాడే సగం ఓడినం. కాళోజీ బతుకంత కొట్లాడింది దీని మీదనే: జనం నోట్ల బతికే మాటే భాష అని.

సినిమా సంగతి చెప్పేదే లేదు. దశాబ్దాల పాటు రౌడీకి, తాగుబోతుకు, పనిమనిషికి, నవ్వులాటకు మన మాట ఇచ్చిన్రు. హీరోకు, హీరోయిన్‌కు, జడ్జికి, డాక్టర్‌కు ‘మంచి తెలుగు’ ఇచ్చిన్రు. మనం టికెట్ కొనుక్కొని పోయి, మన మాట వచ్చిన కాడల్ల అందరితోని కలిసి నవ్వినం. ఎవరి మీద నవ్వుతున్నమో సోయి లేకుంట నవ్వినం.

ఒక మాట సాఫుగ చెప్పాలె. ఇది కోస్తా సామాన్యుని మీద కోపం కాదు. శ్రీకాకుళం కూలోని మాటను గూడ అదే తెర మీద కామెడీ చేసిన్రు. సీమ మాటను కత్తులకు, బాంబులకు అంటగట్టిన్రు. మాట మీద పెత్తనం చేసింది ఒక చిన్న వర్గం. ఇడిసిపెట్టి నష్టపోయింది కోట్ల మంది.

మాట పోతే ఒట్టి మాటే పోదు

"మాటలే గదా, దానికింత రంధి ఎందుకు?" అనేటోళ్లను చెరువు కాడికి తీస్కపోవాలె.

మనది చెరువుల నేల. పాకాల, రామప్ప, లక్నవరం కాకతీయుల కాలం నాటివి. ఉన్న చెరువులు, కుంటలు లెక్కేస్తే 46 వేలకు పైగా తేలినయి. ఇంత పెద్ద ఎవుసం నడిచింది ఇంజనీర్లతోని కాదు, మాటలతోని. తూము అంటే ఏందో, మత్తడి ఎప్పుడు దుంకుతదో, శిఖం భూమి ఏ గెట్టు దాకా ఉంటదో ఊర్ల పిల్లగానికి గూడ తెలుసు. నీరటికాడు ఏ మడికి ఎన్ని నీళ్లు ఇడవాలెనో చూసుకునేటోడు. చెరువుల నీళ్లు తక్కువుంటే ఊరంత కూసోని ‘తైబందీ’ చేసుకునేటోళ్లు. ఈ యాసంగికి నీళ్లు గిన్నే ఉన్నయి, గిన్ని ఎకరాలకే నాటు, అందరూ తలా ఇంత పంచుకోవాలె అని. ఆ ఒక్క మాటల న్యాయమున్నది, లెక్క ఉన్నది, కట్టుబాటున్నది.

ఉమ్మడి రాష్ట్రంల చెరువుల కింది సాగు కుంగుకుంట పోయింది, బోర్ల మీద సాగు పెరుగుకుంట పోయింది. నిధులు ఇయ్యలేదన్నది నిజం. దాంతోపాటు ఇంకోటి గూడ నిజం. చదువుకున్న మన పిల్లగానికి తైబందీ అంటే తెల్వకుంట అయింది. శిఖం అన్న మాట కాగితాల మీద ‘ఎఫ్‌టీఎల్’ అయింది. శిఖం అంటే ఊరందరికి తెలుసు. ఎఫ్‌టీఎల్ అంటే సర్వేయర్‌కు, రియల్ ఎస్టేటోనికి తెలుసు. అందరికి తెలిసిన మాట కింద భూమి ఆక్రమించాలంటే ఊరు అడ్డమొస్తది. ఎవరికీ తెల్వని మాట కింద ఆక్రమించుడు అల్కగ అయితది. హైదరాబాద్ చుట్టుపక్కల చెరువులు అట్లనే ప్లాట్లైనయి. 2015ల మిషన్ కాకతీయ అని పూడిక తీసినం. 2024ల హైడ్రా పెట్టి కట్టడాలు కూలగొట్టుడు మొదలువెట్టినం. మట్టిని జేసీబీతోని తియ్యొచ్చు. మరిచిపోయిన ఎరుకను ఏ జేసీబీ తీస్తది?

పెద్ద ఒప్పందం, చిన్న చిన్న మినహాయింపులు

ఇంటి బేరం చూసినం, ఊరి బేరం చూసినం. ఇగ రాష్ట్రం బేరం గూడ చూడాలె. దాని నడక గూడ ఇదే.

ఫజల్ అలీ కమిషన్ 1955ల ఏం చెప్పింది? హైదరాబాద్ రాష్ట్రాన్ని ఇప్పటికి ఇడిగనే ఉంచున్రి, 1961 ప్రాంతంల జరిగే ఎన్నికల తర్వాత అక్కడి శాసనసభల మూడింట రెండొంతుల మంది ఒప్పుకుంటేనే కలుపున్రి అన్నది. అంత ఓపిక ఎవరికున్నది? 1956 ఫిబ్రవరి 20న ఢిల్లీల పెద్దమనుషులు కూసున్నరు. మన దిక్కు నుంచి బూర్గుల రామకృష్ణారావు, కె.వి. రంగారెడ్డి, మర్రి చెన్నారెడ్డి, జె.వి. నర్సింగరావు. ప్రాంతీయ మండలి ఇస్తమన్నరు. ముఖ్యమంత్రి ఒక ప్రాంతమోడైతే ఉప ముఖ్యమంత్రి ఇంకో ప్రాంతమోడన్నరు. కొలువులకు 12 ఏండ్ల నివాసం నియమమన్నరు. భూముల అమ్మకం మీద కట్టడి అన్నరు. మిగులు నిధులు ఇక్కడ్నే ఖర్చన్నరు.

మొదటి రాజీ ఎక్కడ పడ్డదో తెలుసా? పేరు మీద. ముసాయిదా బిల్లుల రాష్ట్రం పేరు ‘ఆంధ్ర–తెలంగాణ’ అనే ఉండె. మనోళ్లు అదే ఉండాలన్నరు. చివరికి ‘ఆంధ్రప్రదేశ్’ అయింది. పేరే గదా, పోనియ్! నవంబర్ 1న రాష్ట్రం పుట్టింది. మొదటి మంత్రివర్గంల ఉప ముఖ్యమంత్రి లేడు. అది ఆరో వేలు లాంటిదని నీలం సంజీవరెడ్డి తీసిపారేసిండన్నది ఊరూరా చెప్పుకునే మాట. ఒక్క పదవే గదా, పోనియ్! ఒప్పందంల ‘మండలి’ అన్నది కాస్త చట్టంల ‘సంఘం’ అయింది. ఒక్క మాటే గదా, పోనియ్! పన్నెండు, పదమూడేండ్లకు ఆ పోనియ్‌లన్ని కుప్పై 1969ల అగ్గంటుకున్నది.

అగ్గి ఆర్పేటందుకు మళ్ల కాగితాలే ఇచ్చిన్రు. 1973ల ఆరు సూత్రాలు. 1975ల రాష్ట్రపతి ఉత్తర్వు: జిల్లా స్థాయి గుమాస్తా కొలువులల్ల 80 శాతం, దాని పైన జోనల్ నాన్ గెజిటెడ్ కొలువులల్ల 70 శాతం, పేర్కొన్న గెజిటెడ్ కొలువులల్ల 60 శాతం స్థానికులకు. రాసుడు మంచిగనే రాసిన్రు. అమలు తప్పిందని తేలినంక 1985 డిసెంబర్ 30న 610 జీవో ఇచ్చిన్రు. ఐదు, ఆరు జోన్లల్ల ఉత్తర్వుకు విరుద్ధంగ వచ్చినోళ్లను 1986 మార్చి 31 లోపల వెనుకకు పంపాలన్నరు. అట్ల వచ్చినోళ్లు 58,962 మంది అని ఉద్యోగ సంఘాలు పదే పదే చెప్పిన లెక్క. ఆ మార్చి పోయింది. ఇంకో పదిహేను మార్చిలు పోయినయి. 2001ల గిర్‌గ్లానీ కమిషన్ వేసిన్రు. 2004ల నివేదిక వచ్చింది.

ఈ ఉత్తర్వును ఎవరన్న ఒక్క దెబ్బకు రద్దు చేసిన్రా? చెయ్యలే. రద్దు చేస్తే లొల్లైతది. అందుకే ఒక్కొక్క ఫైలు మీద తిన్నరు. ఇక్కడొక డిప్యుటేషన్. అక్కడొక బదిలీ. ఇంకోకాడ ఇది రాష్ట్ర స్థాయి ఆఫీసు, ఉత్తర్వు వర్తించదన్న మినహాయింపు. అందరికి తెరిచి ఉంచిన 30 శాతాన్ని స్థానికేతరులకే రిజర్వైనట్టు లెక్కేసుడు. ఫైలు ఒక్కటి చూస్తే చిన్నదే. "ఒక్కడు వస్తే ఏమైతది?" అనిపిస్తది.

ఇప్పుడు ఉద్యోగ మిత్రులు గుండె మీద చెయ్యేసుకొని వినాలె. ఆ ఫైళ్ల మీద నోట్ రాసినోళ్లల్ల మనోళ్లు లేరా? తప్పని తెలిసీ "పైనుంచి చెప్పిన్రు" అని ఇనీషియల్ కొట్టినోళ్లు లేరా? తన ప్రమోషన్ ఆగొద్దని పక్కోని హక్కు మీద సంతకం పెట్టినోళ్లు లేరా? సర్కారు పెద్దగ దోచిందన్నం, నిజమే. కాని ఆ దోపిడీ ఏ కుర్చీల మీదుగ నడిచిందో ఆ కుర్చీలల్ల కొన్నింట్ల మనమే కూసున్నం.

‘సర్దుకపోతే తప్పేంది?’ అనేటోళ్లకు

ఇది చదివి కొందరు అంటరు: "లోకంల సర్దుకోకుంట ఎవరు బతుకుతరు? భార్యాభర్తలు సర్దుకుంటలేరా? ఇంగ్లీషు నేర్చుకోకుంట నౌకరి వస్తదా? మాట మారుడు సహజం." మంచి ప్రశ్నలే. జవాబు చెప్పాల్సిందే.

ఇంగ్లీషు నేర్చుకునుడు తప్పు కాదు. గట్టిగ నేర్చుకోవాలె. మాట మారుడు గూడ తప్పు కాదు. మన మాటంత పెద్ద కలగలుపు ఇంకేమున్నది? ఉర్దూ నుంచి తీసుకున్నం, మరాఠీ నుంచి తీసుకున్నం, కన్నడం నుంచి తీసుకున్నం. హైదరాబాద్ ఉర్దూకు మనం ఇచ్చినం. అది ఇచ్చిపుచ్చుకునుడు. దానివల్ల ఎవ్వరూ సిగ్గుపడలే, ఎవ్వరూ తగ్గలే.

తేడా పట్టుకునేటందుకు రెండు ప్రశ్నలు చాలు. ఒకటి, ఇద్దరూ మారుతున్నరా, ఎప్పుడూ ఒక్కరే మారుతున్నరా? ఆలుమగలు ఇద్దరూ సర్దుకుంటే సంసారం, ఒక్కరే సర్దుకుంటే వెట్టి. రెండు, కొత్తది నేర్చినంక పాతది చూస్తే ఎట్లనిపిస్తది? కొత్త మాట నేర్చిన మనిషికి రెండు మాటలుండాలె. నేర్చినంక గూడ ఒక్కటే మిగిలిందంటే, పాతది వింటే మొఖం కిందికి దిగుతున్నదంటే, అది నేర్చుకునుడు కాదు, తాకట్టు. హాస్టల్‌కు సద్ది కట్టుకొని వచ్చిన అవ్వను దోస్తుల ముందర "మా ఊరామె" అని చెప్పే పిల్లగాన్ని చూడున్రి. వానికి ఎన్ని భాషలొస్తే ఏం లాభం?

ఇంకోటి గూడ తెలుసుకోవాలె. చిన్న రాజీ చేసినోనికి పెద్ద రాజీ అల్కగ అయితది. నోట్లె మాటను అడిగినోనికి ఇచ్చినోడు, చేతిల హక్కును అడిగితే ఎట్ల కాదంటడు? కాదనుడు అలవాటుల ఉండాలె. మాటకాడ కాదనలేనోడు మడికాడ కాదనలేడు. ఫైలుకాడ అసలే కాదనలేడు.

పోనియ్ అననోళ్లు

మనోళ్లందరూ తలలొంచిన్రంటే అది గూడ అబద్ధమే. 1921 నవంబర్‌ల హైదరాబాద్ వివేకవర్ధినిల నిజాం రాష్ట్ర సంఘ సంస్కార సభ జరిగింది. మరాఠీ, ఉర్దూ, ఇంగ్లీషుల ఉపన్యాసాలైనయి. ఆలంపల్లి వెంకటరామారావు లేచి తెలుగుల మాట్లాడబోతే అల్లరి చేసి కూసోబెట్టిన్రు. ఒక్క ఉపన్యాసమే గదా, పోనియ్ అనుకోవచ్చు. అనుకోలే. ఆ రాత్రే కొందరు ఒకింట్ల కూడి ఆంధ్ర జనసంఘం పెట్టిన్రు. అందులకెల్లే గ్రంథాలయాలు, సభలు, 1930ల జోగిపేటల ఆంధ్ర మహాసభ వచ్చినయి. ఒక్క మాట పోగొట్టుకోనందుకు ఒక తరం లేచి నిలవడ్డది.

నిజాం రాష్ట్రంల తెలుగు కవులు లేరని ఒకరు రాస్తే సురవరం ప్రతాపరెడ్డి "పోనియ్, రాసుకోనియ్" అనలే. ఊరూరి నుంచి తెప్పించి 1934ల గోలకొండ కవుల సంచిక అచ్చేసిండు. 354 మంది కవుల్ని ముందర పెట్టిండు. వాదం పెట్టుకోలే, లెక్క చూపించిండు.

2011 సెప్టెంబర్ 13న సకల జనుల సమ్మె మొదలైంది. 42 రోజులు. గుమాస్తా, టీచరు, ఆర్టీసీ డ్రైవరు, సింగరేణి కార్మికుడు జీతం లేకున్నా పండుగ పూట గూడ నిలవడ్డరు. అన్నేండ్లు ఇనీషియల్ కొట్టిన చేతులే పెన్ను కింద పెట్టినయి. ఆ 42 రోజులల్ల ఆఫీసుల ముందరి టెంట్ల కింద మన ఉద్యోగి మైకుల ఏ భాష మాట్లాడిండు? అవ్వ నేర్పిన మాటే మాట్లాడిండు. ఎవ్వరూ నవ్వలే. బతుకమ్మ ఆఫీసు ముందర ఆడిన్రు, రోడ్డు మీద వంటలు వండుకొని తిన్నరు. మనిషి నిలవడ్డప్పుడు మాట గూడ తనంతట తనే నిలవడ్డది.

ఇప్పుడు నెపం ఎవరి మీద పెడ్దాం?

రాష్ట్రం వచ్చి పదేండ్లు దాటింది. ఇప్పుడు ముఖ్యమంత్రి మనోడే, మంత్రి మనోడే, పాఠం రాసేటోడు మనోడే, ఫైలు తిప్పేటోడు మనోడే. వలస పాలకుడని చూపించేటందుకు ఎదురుంగ ఎవ్వరూ లేరు. ఇప్పటి పోనియ్‌లకు పూచీ మనదే.

కాళోజీ పుట్టినరోజు సెప్టెంబర్ 9ని తెలంగాణ భాషా దినోత్సవం చేసుకున్నం. 9న ఫొటోకు దండేస్తం. 10న పిల్లగాడు "నాకు మంచిగ లేదు" అంటే "అట్ల మాట్లాడకు, మోటుగుంటది" అంటం. 2018ల బడులల్ల తెలుగు తప్పనిసరి చేస్తూ చట్టం చేసుకున్నం. ఏ తెలుగు అని ఎవరడిగిన్రు? టీవీల వార్తలు చదివే గొంతు మారిందా?

సినిమా మారింది గదా అంటరు. మారింది. 2017ల ‘ఫిదా’ల హీరోయిన్ మన మాట మాట్లాడింది. 2023ల ‘బలగం’ ఊరంత కూసోని చూసి ఏడ్చింది. సంతోషమే. కాని సోయిల ఉండాలె. మన మాటకు కాసులొస్తయని బజారు ఒప్పుకున్నది. మన మాటల తీర్పు రాయొచ్చని, సైన్స్ చెప్పొచ్చని, జీవో ఇయ్యొచ్చని బజారు ఒప్పుకోలే, మనమూ ఒప్పుకోలే. తెర మీద చప్పట్లు కొట్టి ఇంటర్వ్యూల దాచుకుంటే అది గౌరవం కాదు. అప్పుడు నవ్వుల సరుకు, ఇప్పుడు మురిపెపు సరుకు. సరుకు మాత్రం సరుకే.

కొలువుల సంగతి చూడున్రి. 610 మీద ముప్పై ఏండ్లు కొట్లాడినం. 2021 డిసెంబర్‌ల మన సర్కారే 317 జీవో ఇచ్చింది. సీనియారిటీ లెక్కన కొత్త జిల్లాలకు పంచిన్రు. స్థానికత చూడలేదని టీచర్లు రోడ్డెక్కిన్రు. సొంత జిల్లా ఇడిసి పోవాల్సి వచ్చినోళ్లున్నరు. ‘స్థానికత’ అన్న మాట మీద తెచ్చుకున్న రాష్ట్రంల, తన రాష్ట్రంల తానే పరాయోడినన్న మాట టీచరు నోట్లకెల్లి వచ్చింది. ఆ బాధ పడనోళ్లు ఏమన్నరు? "మా జిల్ల మాకు వచ్చింది, మనకెందుకు, పోనియ్" అన్నరు. మన సర్కారు గదా అని నోరు మూసుకునుడు గూడ రాజీనే. పరాయోని ముందర తల వంచుడు ఎంత తప్పో, మనోని ముందర నిజం మింగుడు గూడ అంతే తప్పు.

ఎక్కడ పోయిందో అక్కడ్నే వెతకాలె

పెద్ద పెద్ద తీర్మానాలు అక్కర్లేదు. పోయింది చిన్నచిన్నగ పోయింది. రావాలంటే గూడ చిన్నచిన్నగనే రావాలె.

టీచరన్నలు, అక్కలు! పిల్లగాడు బర్రె అంటే తప్పు అనకున్రి. "మన దగ్గర బర్రె, వాళ్ల దగ్గర గేదె, రెండూ మంచి మాటలే" అనున్రి. ఆ ఒక్క వాక్యంతోని వాడు తల వంచుకొని పోడు, ఇంకో మాట నేర్చుకొని పోతడు.

రెవెన్యూల ఉన్న తమ్ముళ్లు! రైతుకు ఇచ్చే నోటీసు రైతుకు అర్థమయ్యేటట్టు రాయున్రి. శిఖం అని రాయున్రి, గెట్టు అని రాయున్రి. అర్థం కాని కాగితం మీద వేలిముద్ర తీసుకునుడు ఏ కాలంలనైనా మోసమే.

సెక్రటేరియట్ల ఉన్నోళ్లు! తప్పుడు ఫైలు వస్తే దాని మీద "నిబంధనకు విరుద్ధం" అని రెండు మాటలు రాసి పైకి పంపున్రి. పైవాడు కొట్టేస్తే కొట్టేయనియ్యిన్రి. కాని కాగితం మీద మీ ‘కాదు’ ఉండాలె. గిర్‌గ్లానీ లాంటోడు రేపు మళ్ల వచ్చి ఫైళ్లు తిరగేస్తే, ఒక్కడన్న కాదన్నడని తెల్వాలె.

ఉస్మానియాల, కాకతీయల చదువుకునే బిడ్డలు! ఇంటర్వ్యూల ఇంగ్లీషు అడిగితే దర్జాగ ఇంగ్లీషు మాట్లాడున్రి. తెలుగు అడిగితే మాత్రం మీ తెలుగే మాట్లాడున్రి. ఆ మాటకు నౌకరి ఇయ్యనోడు మీ తెలివి చూస్తలేడు, మీరెంత తొందరగ వంగుతరో చూస్తున్నడు.

రేపు ఆఫీసుల ఫోన్ మోగుతది. ఊరి నుంచి అవ్వ మాట్లాడుతది. వరండాలకు పోకున్రి. కుర్చీల కూసోనే, అందరూ వినేటట్టే, "ఏం జేస్తున్నవే అవ్వా, తిన్నవా?" అనున్రి.